అందరికీ పడే రక్తం

మూడో రక్తం సంచీ కూడా వెనక్కి పోయింది.

"ఇదీ పడలేదంట" అంది అత్తయ్య, మంచం పక్కన స్టూలు మీద కూలబడుతూ. "గొంతెమ్మ కోరికలని విన్నాను గానీ, గొంతెమ్మ రక్తం కూడా ఉంటుందని ఇప్పుడే చూస్తున్నా. ఏం రక్తమే తల్లీ నీది!"

టైలరమ్మ నవ్వబోయింది. పెదాలు కదిలాయి గానీ నవ్వు రాలేదు. నవ్వాలన్నా ఒంట్లో కాస్త రక్తం ఉండాలి కదా మరి. మొహం ఉతికి ఆరేసిన గుడ్డలా ఉంది.

నెలల తరబడి గర్భసంచిలో గడ్డ పెట్టుకుని, ఒంట్లో రక్తమంతా కారిపోతున్నా, "ఈ స్కూలు యూనిఫారాలు అవ్వనీ, చూపించుకుంటా" అంటూ మిషను తొక్కిన మనిషి ఆవిడ. చివరికి మిషను మీదే తల వాల్చేసింది. చొక్కా చెయ్యి సగం కుట్టి ఉంది, సూది గుడ్డలోనే ఉంది.

ఆపరేషన్ చెయ్యాలి. అంతకుముందు రక్తం ఎక్కించాలి. ఎక్కించాలంటే పడాలి. అక్కడొచ్చింది తంటా.

"మీ అబ్బాయేరి అత్తయ్యా?"

"ఎక్కడుంటాడు! డిపోకి పరిగెత్తాడు. డ్రైవర్లందర్నీ బస్సుకెత్తుకొస్తాడంట."

టైలరమ్మ కళ్ళు మూసుకుంది. తెస్తాడు, తన మొగుడు అన్నంత పనీ చేస్తాడు.

వీధిలో ఆయన్ని పేరు పెట్టి పిలిచేవాడు లేడు. 'కుళాయి' అంటారు. వీధి కుళాయి తిప్పితే నీళ్ళొస్తాయని ఎవడూ హామీ ఇవ్వలేడు గానీ, ఈ బస్సు డ్రైవరు చొక్కా చెయ్యి మడిచాడంటే రక్తం రావడం ఖాయం. ఆయనది ఓ నెగటివ్. "నాది అందరికీ పడే రక్తం" అనే మాట ఆయన బస్సులో టికెట్టుతో పాటు ఉచితం.

ఆయన లెక్క ప్రకారం ఊళ్ళో సగం మంది ఒంట్లో పారేది ఈయన రక్తమే. ట్రాఫిక్ పోలీసు ఆపితే, "నీలో నాదే ఉంది, నన్నే ఆపుతావా?" అంటాడు. ఈయన రక్తం ఎక్కిన ముసలాయనొకడు మేడ మెట్లు రెండేసి ఎక్కేశాడట. ఇంకోడికి బట్టతల మీద జుట్టు మొలిచిందట, అదీ అచ్చం ఈయన జుట్టులాగే ఉంగరాలు తిరిగి. విన్నవాళ్ళు నవ్వేవాళ్ళు. నవ్వినా సరే, అర్ధరాత్రి అవసరం పడితే ఈయన తలుపే కొట్టేవాళ్ళు.

కిటికీ కింద బస్సు ఆగిన చప్పుడైంది.

తొంగి చూసిన అత్తయ్య నెత్తి కొట్టుకుంది. "దిగుతున్నారే బాబూ! అందరూ చొక్కా చేతులు మడిచేసుకునే దిగుతున్నారు. కండక్టరు కూడా ఉన్నాడు, ఆ బక్కోడు. వాడికే ఎవరన్నా ఎక్కించాలి."

కుళాయి వగరుస్తూ వార్డులోకి వచ్చాడు. "ఏమే, ఇంకేం భయం లేదు! బస్సెడు రక్తం తెచ్చా! నిలబడ్డవాళ్ళని కూడా ఎక్కించుకొచ్చా!"

"మెల్లిగా" అంది టైలరమ్మ. "పక్క మంచాలవాళ్ళు పడుకున్నారు."

"పడుకోనీ. లేచాక వాళ్ళక్కూడా మిగులుద్ది."

ఆవిడ నుదుటి మీద చెయ్యి వేసి చూశాడు. నోట్లో కోతలు, వేళ్ళలో వణుకు. ఆయన సంగతి ఆవిడకి కొత్త కాదు. ఎంత భయముంటే అంత కోస్తాడు.

"లైన్లో నిలబెట్టొస్తా" అని దిగిపోయాడు.

ఆయన అలా వెళ్ళగానే బ్లడ్‌ బ్యాంకు డాక్టరమ్మ వచ్చింది. మంచం అంచున కూర్చుంది. డాక్టర్లు కూర్చున్నారంటే మంచి కబురు కాదని అత్తయ్యకి తెలుసు, చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"మామూలు పరీక్షలో మీది ఓ లాగే కనబడిందమ్మా. అందుకే ఓ గ్రూపు సంచీలు తీశాం. మీ రక్తంతో కలిపి చూస్తే మూడూ గడ్డలు కట్టేశాయి. మీది ఓ కాదు."

"మరి ఏ నా, బీ నా?"

"ఏదీ కాదు. మీరు టైలరు కదా, ఇలా చెబుతా. రక్తంలో కణాలుంటాయి, వాటిని చొక్కాలనుకోండి. ఏ గ్రూపు చొక్కాకి ఒక రకం గుండీలు, బీ చొక్కాకి ఇంకో రకం. ఓ గ్రూపు చొక్కాకి గుండీలు ఉండవు. కానీ గుండీలు కుట్టుకునే పట్టీ ఉంటుంది. ఆ పట్టీ దాదాపు అందరికీ ఉంటుంది, అందుకే ఓ చొక్కాని ఎవరి ఒళ్ళూ కాదనదు. మీకు ఆ పట్టీయే లేదు. వేలమందిలో ఒక్కరు అలా పుడతారు. పట్టీ ఉన్న చొక్కా ఏదొచ్చినా, మీ ఒళ్ళు 'ఇది నాది కాదు' అని పట్టుకుని చింపేస్తుంది."

"దీనికో పేరన్నా ఉందా?" అంది అత్తయ్య.

"ఉంది. మొదట కనిపెట్టిన ఊరి పేరే పెట్టేశారు."

"రక్తానికి ఊరి పేరేంటమ్మా, బస్సు బోర్డా?"

డాక్టరమ్మ నవ్వి, మళ్ళీ మామూలు మొహం పెట్టింది. "ఇలాంటి రక్తం ఇలాంటివాళ్ళదే పడుతుంది. దూరంలో ఒకాయన ఉన్నారని తెలిసింది, ఆయన సంచీ రావడానికి టైం పడుతుంది. అంతదాకా ఈవిడ ఆగలేరు. ఇది తల్లీతండ్రీ ఇద్దరి దగ్గర్నుంచీ వస్తుంది కాబట్టి, తోడబుట్టినవాళ్ళలో దొరకొచ్చు. ఎవరైనా ఉన్నారా?"

అత్తా కోడళ్ళు ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకోలేదు.

"డాక్టరమ్మా" అంది టైలరమ్మ. "తెలీక ఓ ఎక్కించేస్తే ఏమవుద్ది?"

"ఇక్కడ ఎక్కించరమ్మా, కలిపి చూస్తాం కదా."

"ఇక్కడ కాదు. ఊరికే అడుగుతున్నా."

"కాస్త లోపలికెళ్ళగానే చలి పట్టుకుంటుంది. నడుం, వెన్ను కాలిపోతున్నట్టు నొప్పి. మూత్రం నల్లటి ఎరుపులో వస్తుంది. ఆ తర్వాత ప్రాణానికే ప్రమాదం. ఎందుకలా చూస్తున్నారు?"

"ఏం లేదు" అంది టైలరమ్మ.

డాక్టరమ్మ వెళ్ళిపోయింది. పైన ఫ్యాను కీచుకీచుమంటూ తిరుగుతోంది. పక్క మంచం ముసలావిడ దగ్గింది.

*వెన్ను కాలిపోతోందిరా, ఆపమనరా.* అమ్మ ఆఖరి మాట అదే.

కొన్నేళ్ళ కిందట నిచ్చెన మీంచి పడి తుంటి విరిగింది అమ్మకి. ఏదో చిన్న నర్సింగ్‌హోంలో చేర్పించారు. రక్తం కావాలన్నారు. కుళాయి డ్యూటీ మధ్యలో బస్సు పక్కకాపి పరిగెత్తుకొచ్చాడు. "నాది ఓ అండీ! అందరికీ పడుద్ది! కలిపి చూడ్డం ఎందుకు, ఈలోపు మనిషి పోతుంది, ముందు ఎక్కించండి!" అని ఆ గుమ్మంలో నిలబడి అరిచాడు. వాళ్ళూ ఎక్కించేశారు. సంచీ పావు కూడా తగ్గకముందే అమ్మ వణకడం మొదలెట్టింది. ఆ రాత్రి గడవలేదు.

అమ్మ పక్కన కూర్చున్నది తమ్ముడు. చూసినవాడు వాడు. చావింట్లో అందరి ముందూ బావ గల్లా పట్టుకుని, "నీ రక్తమే మా అమ్మని చంపింది" అన్నాడు. అమ్మ కోసం పరిగెత్తుకొచ్చిన మనిషిని పట్టుకుని అంత మాట అంటావా అని, టైలరమ్మ తమ్ముడి చెంప పగలగొట్టింది. ఆ రోజు తెగిన మాటలు మళ్ళీ అతుక్కోలేదు.

"అత్తయ్యా."

"నేనేం వినలేదు" అంది అత్తయ్య గబుక్కున.

"వాడు చెప్పింది నిజమే."

"నేనేం వినలేదన్నానా!" గొంతు పైకి లేచి, అక్కడే విరిగిపోయింది. "వద్దే తల్లీ. నా కొడుక్కి చెప్పకే. అదొక్కటే కదే వాడికున్న గొప్ప. చదువు లేదు, ఆస్తి లేదు, ఆ రక్తం ఒక్కటే వాడికి కిరీటం. అత్తగారిని చంపానని తెలిస్తే వాడు స్టీరింగ్ పట్టుకోగలడా? ఎక్కడో ఏ లారీకో ఎదురెళ్ళిపోతాడే."

టైలరమ్మ గోడ వైపు తల తిప్పుకుంది.

"తమ్ముణ్ణి పిలుద్దాం. నేనే పిలుస్తా, కాళ్ళట్టుకుంటా. మా ఇంటి గుమ్మం నుంచి తరిమింది నేనే కదా. నీ ప్రాణం నిలబడనీ. కానీ ఈ మాట మాత్రం మన ముగ్గురి మధ్యే చచ్చిపోవాలి."

అంతలో కుళాయి వచ్చాడు. మడిచిన చేతులు మడిచినట్టే ఉన్నాయి. వెళ్ళినప్పటి మనిషి కాదు, పంక్చరైన టైరులా ఉన్నాడు.

"పడదంటనే" అన్నాడు. "ఎవరిదీ పడదంట. నాది కూడా. ముక్కూ మొహం తెలీనివాళ్ళకి పడింది. దొంగతనం చేసి తన్నులు తిన్నోడికి పడింది. నీకు పడదంట. ఇంకెందుకే నాకిది?"

మోచేతి మడతలో సూదుల మచ్చల్ని బొటనవేలితో రుద్దుకుంటున్నాడు, చెరిపేద్దామన్నట్టు.

"తమ్ముడిది పడొచ్చంట" అంది టైలరమ్మ.

కుళాయి వేలు ఆగిపోయింది. "నన్ను హంతకుడన్నవాడిది."

"మ్."

కుళాయి ముక్కు చీదుకున్నాడు. "పిలు. నా రోషం నీ ప్రాణం కంటే ఖరీదా ఏంటి? వస్తే నేనే ఎదురెళ్ళి బస్సులో తీసుకొస్తా. రానంటే బస్సుతో సహా వాళ్ళింట్లోకి వెళ్ళిపోతా."

కబురందగానే తమ్ముడు ఎవరూ ఎదురెళ్ళకుండానే వచ్చాడు.

వాడు వెల్డరు. గేట్లు, కిటికీ ఊచలు అతికిస్తాడు. రవ్వలు పడి చొక్కా నిండా కన్నాలు. ఒక్కో కన్నం చుట్టూ వాడే కుట్టుకున్న వంకర కుట్లు. అంతా వదిలేసి టైలరమ్మ కళ్ళు ఆ కుట్ల మీదే పడ్డాయి. *అక్క టైలరు, తమ్ముడి చొక్కా చూడు.*

వాడు స్టూలు మీద కూర్చోలేదు. మోచేతి దగ్గర దూది పట్టుకుని నిలబడ్డాడు.

"ఇచ్చేశాను. పడింది" అన్నాడు.

"అప్పుడే తీసేసుకున్నారా?"

"పడుతుందని నాకు ముందే తెలుసు."

"ఎలా?"

"అమ్మ పోయాక పెద్దాసుపత్రిలో చూపించుకున్నా. ఓ ఎక్కిస్తే మనిషెందుకు పోతుందో తెలుసుకోవాలని. వాళ్ళే చెప్పారు, నా రక్తంలో అందరికీ ఉండేదేదో లేదని. అక్క ఉంటే అక్కక్కూడా చూపించమన్నారు." వాడు కిటికీ వైపు తిరిగాడు. "చెబుదామని మీ ఇంటికొచ్చా. మీ అత్త గుమ్మం దగ్గరే ఆపేసింది. లోపల నువ్వు కుడుతున్నావు. నా గొంతు నీకు వినబడింది."

టైలరమ్మ ఆ కుట్ల మీంచి చూపు దించుకుంది.

"వినబడిందా లేదా?"

"వినబడింది."

"నువ్వు మిషను ఆపలేదు."

ఊరందరి చిరుగులకీ మాసికలు వేసిన మనిషి దగ్గర ఈ చిరుగుకి మాత్రం దారం లేదు.

"రేయ్" అంది. "నన్ను తిట్టు. కొట్టు. నేను నిన్ను కొట్టినట్టే అందరి ముందూ కొట్టు. కానీ ఆయనకి తెలీకూడదురా. అమ్మ సంగతి."

వాడు ఇటు తిరిగాడు. కోపం వస్తుందనుకుంది. రాలేదు, అదే భయమేసింది.

"తెలీకూడదా?"

"ఆయన తట్టుకోలేడు."

"నేను తట్టుకున్నానా అక్కా?" చాలా మెల్లిగా అడిగాడు. "అబద్ధాలకోరునని, బావ మీద ఏడుపని, మన చుట్టాలంతా నన్ను దూరం పెట్టారు. పెదనాన్న పోతే మొయ్యడానిక్కూడా నన్ను పిలవలేదు. ఇనుముకి ఇనుము అతికించి బతుకుతున్నా, ఒక్క మనిషిని అతికించుకోలేకపోయా. నేను తట్టుకోగలనని నీకెవరు చెప్పారు?"

టైలరమ్మ కళ్ళ నుంచి నీళ్ళు చెవుల్లోకి జారుతున్నాయి. తుడుచుకోవడానికి చెయ్యి లేవలేదు.

వాడు దగ్గరికొచ్చాడు. చేతిలో దూది తీసి జేబులో వేసుకుని, అక్క చెవి దగ్గర తడి తుడిచాడు. ఆ వేళ్ళు ఆకురాయిలా గరుకుగా ఉన్నాయి.

"పడుకో" అని బయటికెళ్ళిపోయాడు. ఔననలేదు, కాదనలేదు.

పరీక్షలన్నీ అయ్యి, సంచీ వార్డుకి వచ్చేసరికి తెల్లారింది.

నర్సు దాన్ని కొక్కేనికి తగిలించింది. గొట్టంలోంచి చుక్క చుక్క దిగుతోంది. నలుగురూ దాన్నే చూస్తున్నారు. మొదటి చుక్కలు లోపలికెళ్తుంటే టైలరమ్మ చలి కోసం ఎదురుచూసింది. వెన్ను మంట కోసం ఎదురుచూసింది. ఏదీ రాలేదు. సొంత ఇంటికొచ్చిన మనిషిలా, చప్పుడు చెయ్యకుండా లోపలికొచ్చేసింది తమ్ముడి రక్తం.

"పడింది!" అన్నాడు కుళాయి. బావమరిదిని గట్టిగా కావలించుకున్నాడు. "ఒరేయ్ వెల్డరూ! మనుషుల్ని కూడా అతికిస్తావురా నువ్వు! ఇక చూడు, ఆ రక్తం ఎక్కాక మీ అక్క నిప్పురవ్వలు కక్కుద్ది. కరెంటు పోతే దీని పక్కన కూర్చుని పేపరు చదువుకోవచ్చు!"

నర్సు కిసుక్కున నవ్వింది. తమ్ముడు కూడా కొంచెం నవ్వాడు. అత్తయ్య మాత్రం గోడకి ఆనుకుని కొడుకు నోటినే చూస్తోంది.

కుళాయి సంచీ వైపు చూస్తూ ఉన్నాడు. చూస్తూ చూస్తూ నవ్వు తగ్గించాడు.

"అన్నట్టు, ఇది అమ్మానాన్నల నుంచి వస్తుందంట కదా. కింద చెప్పారు." బావమరిది వైపు తిరిగాడు. "మరి మీ అమ్మది ఏ గ్రూపురా?"

అత్తయ్య చెంగు పిడికిట్లో నలిగింది.

టైలరమ్మ తమ్ముణ్ణి చూసింది. వాడు ఈ ప్రశ్న కోసం ఎన్నేళ్ళు కాచుకున్నాడో ఆ మొహంలో కనబడింది. దవడ బిగుసుకుంది. నోరు తెరిచాడు.

"మామూలు ఓనే బావా" అన్నాడు. "అమ్మ గుండాగి పోయింది. పెద్దవయసు కదా. ఏడుపులో నోటికొచ్చింది అనేశాను."

కుళాయి వదిలిన ఊపిరికి మంచం మీద దుప్పటి కదిలిందంటే నమ్మాలి. ఆ ఊపిరి నిన్నటిది కాదు, చావింటి నాటిది.

"ఒరేయ్, ఇన్నేళ్ళూ..." అన్నాడు. కళ్ళు తుడుచుకున్నాడు. "పైకి అనలేదు గానీ, ఎక్కడో గుచ్చుకుంటానే ఉండేదిరా. సూది లోపల విరిగి ఉండిపోయినట్టు. ఒప్పుకున్నావు, అది చాలు. నా సంగతి వదిలెయ్, నేను మొద్దు చర్మంవాణ్ణి. మీ అక్క మాత్రం ఆ మాటకి ఎన్ని రాత్రులు ఏడ్చిందో నీకు తెలీదు. దానికి చెప్పు. తప్పయిందని ఒక్క మాట చెప్పెయ్, ఇంతటితో కడిగేసుకుందాం."

ఆ మాటలో కక్ష లేదు. చిన్నపిల్లలకి రాజీ కుదిర్చే పెద్దమనిషిలా, చల్లగా చెప్పాడు.

"ఊరుకోరా, ఇప్పుడవన్నీ ఎందుకు" అంది అత్తయ్య.

తమ్ముడు మంచం దగ్గరికొచ్చాడు. రక్తం ఇచ్చిన చెయ్యి ఇంకా కొంచెం వంచే ఉంచుకున్నాడు. మోకాళ్ళ మీద కూర్చుని తల వంచాడు. ఆ చెంప, తను కొట్టిన చెంప, టైలరమ్మ కళ్ళ ముందే ఉంది.

"తప్పయిందక్కా" అన్నాడు. "లేనిపోని మాట అన్నాను. క్షమించు."

గొట్టంలో వాడి రక్తం చుక్కచుక్కగా దిగుతూనే ఉంది.

టైలరమ్మ సూది ఉన్న చెయ్యి ఎత్తింది. "అమ్మా, కదపకండి!" అని నర్సు అరిచింది. ఆవిడ వినలేదు. ఆ చేతినే తమ్ముడి తల మీద పెట్టింది.

"లెగరా."

"అక్కా, వద్దు" అన్నాడు వాడు తలెత్తకుండానే, ఆవిడకి మాత్రమే వినబడేలా.

"లెగమన్నానా! నువ్వు ఎవరికీ చెప్పుకోవాల్సింది లేదు."

"అమ్మాయ్!" గోడ దగ్గర్నుంచి అత్తయ్య రెండు చేతులూ జోడించింది.

కుళాయి ముగ్గురినీ మార్చి మార్చి చూశాడు. తల్లి జోడించిన చేతుల దగ్గర ఆ చూపు ఆగిపోయింది. మొహంలో నవ్వు ఇంకా ఉంది, లైటు ఆర్పడం మర్చిపోయిన గదిలా.

"ఏంటే?" అన్నాడు. "ఏమైంది?"

టైలరమ్మ ఆయన్ని చూసింది. అర్ధరాత్రి ఎవరు తలుపు కొట్టినా చెప్పులేసుకోకుండా పరిగెత్తే మనిషిని.

"ఏవండీ" అంది, "ఆ స్టూలు ఇలా దగ్గరికి లాక్కోండి. నా చెయ్యి పట్టుకుని కూర్చోండి. ఇది నిలబడి వినే మాట కాదు."